గాజు పలక మీద కత్తి పెట్టొద్దు
గాజు కటింగ్ బోర్డు శుభ్రమైనదన్న మాట నిజమే. పసుపు మరక, ఉల్లి వాసన, పచ్చి మాంసం రసం ఏవీ అందులోకి ఇంకవు. కానీ కూరగాయలు తరగడానికి మాత్రం అది తగదు. చెక్క, ప్లాస్టిక్ పలకలు కత్తి అంచు కింద కాస్త లొంగుతాయి. గాజు లొంగదు కాబట్టి పలుచని అంచే మడతపడి మొద్దుబారుతుంది. మొద్దు కత్తిని గట్టిగా నొక్కాలి, నున్నటి గాజు మీద టమాటా జారుతుంది, తెగేది వేలు. చెక్కలో క్రిములు చేరవా అని అడుగుతారు. అమెరికాలోని విస్కాన్సిన్ విశ్వవిద్యాలయంలో శాస్త్రవేత్త డీన్ క్లివర్ 1990లలో చేసిన పరిశోధనల్లో, చెక్కలోకి ఇంకిన బ్యాక్టీరియా క్రమంగా నశించినట్టు తేలింది. శుభ్రం చేయడం కష్టమైంది కత్తిగాట్లు పడ్డ ప్లాస్టిక్‌నే. చెక్కను సబ్బుతో కడిగి, నిలబెట్టి ఆరబెట్టాలి, మాంసానికి వేరే పలక ఉంచుకోవాలి. కొన్న గాజు పలకను పారేయక్కర్లేదు. కింద తడిగుడ్డ పరిచి చపాతీలు ఒత్తుకోండి. వేడెక్కిన గాజు మీద చన్నీళ్లు పోయకండి, అంచు పెచ్చు లేస్తే ఇక వాడకండి.