ఎల్వీ ప్రసాద్ గారి లెక్కలో పల్నాడు ఏదీ?



గత సంచికలో దర్శకుడు ఎల్వీ ప్రసాద్ గారి మీద వేసిన వ్యాసం ‘మిస్సమ్మ’తో మొదలై ప్రసాద్ ల్యాబ్స్‌తో ముగిసింది. ‘పల్నాటి యుద్ధం’ ఊసే లేదు. ఆయనది ఏలూరు దగ్గర సోమవరప్పాడు, పల్నాడు కాదు, నిజమే. కానీ గూడవల్లి రామబ్రహ్మం గారు ఆ చిత్రం తీస్తూ 1946లో కన్నుమూస్తే, మిగతాది పూర్తిచేసి 1947లో తెరమీదికి తెచ్చింది ప్రసాద్ గారే. నాగమ్మగా కన్నాంబ, బ్రహ్మనాయుడిగా గోవిందరాజుల సుబ్బారావు, బాలచంద్రుడిగా అక్కినేని. ఏటా కార్తీకంలో కారంపూడి వీరుల గుడి ముందు కొణతాలకు, అంటే ఆ పల్నాటి వీరుల ఆయుధాలకు, మొక్కే మాకు ఇది చిన్న సంగతి కాదు. ఒకరు తలపెట్టిన సినిమాని చెడకుండా గట్టెక్కించడం సొంత సినిమా తీయడం కంటే కష్టం.

నటుడిగా ఆయన్ని ఒక్క వాక్యంతో సరిపెట్టడమూ అన్యాయమే. హిందీలో ‘ఆలం ఆరా’, తమిళంలో ‘కాళిదాస్’, తెలుగులో ‘భక్త ప్రహ్లాద’: మూడు భాషల తొలి టాకీల్లోనూ ఆయన ఉన్నారు. 1946 నాటి ‘గృహప్రవేశం’లో భానుమతి గారి సరసన కథానాయకుడూ ఆయనే, దర్శకుడూ ఆయనే. ‘మనదేశం’లో ఎన్టీఆర్‌ని ఇన్‌స్పెక్టర్‌గా పరిచయం చేసినదీ ఆయనే. నటన తెలిసిన దర్శకుడు కాబట్టే ‘మిస్సమ్మ’లో చిన్న పాత్రలు కూడా అంత సహజంగా పలికాయి.

‘పల్నాటి యుద్ధం’ గురించి వచ్చే సంచికలోనైనా విడిగా ఒక వ్యాసం రాయించండి.

— ఒక పాఠకుడు, నరసరావుపేట