బ్యాండ్ నుంచి బీజీఎంకి

ఆదివారం వికారాబాద్ అనంతగిరి ఎక్కితే ఒక్క గిటార్ అయినా కనిపిస్తుంది. నాలుగు కార్డ్స్, చుట్టూ ఫ్రెండ్స్, పైకి లేచిన ఫోన్లు. వాళ్లలో సొంత పాటలు రాసుకునేవాళ్లూ ఉంటారు. ఏదో ఒకరోజు వాళ్లకి 'మా సినిమాకి మ్యూజిక్ చేస్తావా భయ్యా' అని ఫోన్ వస్తుంది. చిన్న సినిమా, పెద్ద మాటలు. ఈ వారం ఆ ఫోన్ గురించే.

మన దగ్గర ఈ దారిలో నడిచినవాళ్లు ఉన్నారు. 'ఊరెళ్ళిపోతా మామ' పాడిన చౌరస్తా బ్యాండ్ గుర్తుందా? జానపదానికి రెగే కలిపిన బ్యాచ్. ఇది రాక్ ఎలా అవుతుందని కొందరు గొణుగుతారు, గొణగనివ్వండి. అందులోంచి వచ్చిన రామ్ మిరియాల 2022లో 'డీజే టిల్లు' టైటిల్ సాంగ్ చేశాడు. యశ్వంత్ నాగ్ 2023లో 'పరేషాన్'కి సంగీతం ఇచ్చాడు. రూపక్ రోనాల్డ్‌సన్ డైరెక్టర్, తిరువీర్ హీరో. మంచిర్యాల వైపు కుర్రాళ్ల కథ. అలాంటి సినిమాకి ఊరి యాసే ప్రాణం. మ్యూజిక్ వెళ్లి ఆ యాస నెత్తినెక్కి కూర్చుందంటే పని అయిపోయినట్టే.

బ్యాండ్‌లో కోరస్ ఎప్పుడు రావాలో మనమే చెప్తాం. సినిమాలో ఎడిట్ చెప్తుంది. హీరోయిన్ తలుపు మూయడానికి 6 సెకన్లు పడితే, మీ బాధంతా ఆ 6 సెకన్లలో సర్దాలి. అదీ ఒక్క మాట లేకుండా. పాట రాసేవాడికి ఇంతకంటే కష్టం లేదు. రేడియోహెడ్ గిటారిస్ట్ జానీ గ్రీన్‌వుడ్ 2007లో 'దేర్ విల్ బి బ్లడ్'కి చేసిన స్కోర్ వినండి. రాక్ గిటార్ కోసం వెతికితే దొరకదు, వయొలిన్లే గుండెను గీరుతుంటాయి.

తాండూరులో పెరిగినవాళ్ల చెవుల్లో నాపరాయి కోసే మెషిన్ మోత ఉండిపోతుంది. దాన్ని ఫోన్‌లో రికార్డ్ చేసి, స్పీడ్ తగ్గించి, కింద ఒకే ఒక్క బాస్ నోట్ పెట్టి చూడండి. కొనుక్కునే సౌండ్ ప్యాక్‌లో ఆ మోత ఉండదు.

ఇక డబ్బులు. చిన్న సినిమాలో మ్యూజిక్ వంతు చివర్లో వస్తుంది. అప్పటికి ప్రొడ్యూసర్ జేబు ఖాళీ. నేనూ ఓ షార్ట్ ఫిల్మ్‌కి నెల రోజులు కూర్చుని బిర్యానీతో సరిపెట్టుకున్నవాడినే. కానీ 2012లో కాపీరైట్ చట్టం మారింది. థియేటర్‌లో సినిమాతోపాటు వినిపించడం వేరు. అది కాక మీ పాటని ఇంకెక్కడ వాడినా రాయల్టీలో రాసినవాడికీ, ట్యూన్ కట్టినవాడికీ సమాన వాటా ఉంటుంది. 'నాకొద్దు' అని ముందే రాసిచ్చినా అది చెల్లదు. ఐపీఆర్ఎస్‌లో మెంబర్‌గా చేరండి, ప్రతి పాటా అక్కడ నమోదు చేయండి. బ్యాండ్ పాత పాట సినిమాలో వాడతామంటే దానికి వేరే అగ్రిమెంట్ అడగండి. మొహమాటం వద్దు.

ఇంకొకటి. ఫోన్ రాగానే కథ అడగకండి, 'ఎడిట్ ఎప్పుడు లాక్ అవుతుంది' అని అడగండి. లాక్ కాని ఒక సీన్‌కి నేను మూడుసార్లు మ్యూజిక్ చేశా. మూడోది పంపేసరికి సినిమాలో ఆ సీనే లేదు.