జప్తు చేస్తే గడువు ఆగదు

గట్టు తగాదా ముదిరి ఇరువర్గాలూ కర్రలు పట్టేదాకా వస్తే, ఎగ్జిక్యూటివ్ మేజిస్ట్రేట్ హోదాలో ఆర్డీవోనో తహసీల్దారో ఆ భూమిని జప్తు చేసి, దాన్ని చూసుకునే రిసీవర్‌కు అప్పగించవచ్చు. పాత సీఆర్పీసీలో ఇవి 145, 146 సెక్షన్లు. 2024 జులై 1 నుంచి భారతీయ నాగరిక్ సురక్షా సంహితలో 164, 165 అయ్యాయి. పొలం ఎవరిదో తేల్చే అధికారం ఈ మేజిస్ట్రేట్‌కు లేదు. గొడవ జరగకుండా చూడటం, ఎవరి స్వాధీనంలో ఉందో విచారించడం వరకే ఆయన పని. హక్కు తేల్చాల్సింది సివిల్ కోర్టు.

ఈ తేడాను పట్టించుకోకపోతే ఎంత నష్టమో అయోధ్య కేసు చూపింది. 1949 డిసెంబర్ 29న ఫైజాబాద్ మేజిస్ట్రేట్ 145వ సెక్షన్ కింద వివాదాస్పద కట్టడాన్ని జప్తు చేశారు. పురపాలక బోర్డు ఛైర్మన్ ప్రియదత్ రామ్ 1950 జనవరి 5న రిసీవర్‌గా బాధ్యతలు తీసుకున్నారు. నిర్వహణ తమకే అప్పగించాలని సాధువుల సంస్థ నిర్మోహీ అఖాడా దావా వేసింది 1959 డిసెంబర్ 17న. అప్పటి చట్టం ప్రకారం అలాంటి దావా వేయడానికి గడువు 6 ఏళ్లు. మేజిస్ట్రేట్ తుది ఉత్తర్వు ఇవ్వలేదు కాబట్టి గడువు మొదలే కాలేదని అఖాడా వాదించింది. 2019 నవంబర్ 9న సుప్రీంకోర్టు ఐదుగురు న్యాయమూర్తుల ధర్మాసనం ఆ వాదనను ఒప్పుకోలేదు. రిసీవర్ వచ్చిన రోజే లెక్క మొదలైందని చెప్పి, దావాకు కాలం చెల్లిందని తేల్చింది. సున్నీ వక్ఫ్ బోర్డు దావా 1961 డిసెంబర్ 18న పడింది. దానికి వర్తించే 12 ఏళ్ల గడువుకు అప్పటికి కొద్ది రోజులే మిగిలాయి. అది మాత్రం సకాలంలోనే వచ్చిందని కోర్టు చెప్పింది.

అధికారుల తొందరపాటు మరో సమస్య. అత్యవసర పరిస్థితి ఉందని ఉత్తర్వులో ఒక మాట రాసేసినంత మాత్రాన జప్తు చెల్లదని అశోక్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు స్పష్టం చేసింది. ఆ పరిస్థితిని నిరూపించే వాస్తవాలు ఉత్తర్వులోనే కనబడాలి. అదే స్థలంపై సివిల్ దావా నడుస్తుండగా సమాంతరంగా 145 కేసు సాగించడం సరికాదని అంతకు ముందే రామ్ సుమేర్ పురి మహంత్ కేసులో చెప్పింది.

జప్తు సుదీర్ఘంగా సాగితే అసలు నష్టపోయేది సాగు చేసుకునేవాడు. కోతకొచ్చిన పైరు పాడవుతుందనుకుంటే మేజిస్ట్రేట్ దాన్ని అమ్మించవచ్చు. ఆ డబ్బు ఎవరికి చేరాలో తేలేవరకు, తాను వేసిన పంటకు తానే ఎదురుచూడాలి. శాంతిభద్రతలకు ముప్పు లేదని తేలితే మేజిస్ట్రేట్ ఎప్పుడైనా జప్తు ఎత్తేయవచ్చు. కానీ ఫలానా రోజులకు సమీక్షించి తీరాలన్న నిబంధన లేదు. కొత్త చట్టంలో సెక్షన్ల నంబర్లు మారాయే తప్ప ఈ లోటు తీరలేదు. జప్తు ఉత్తర్వును 90 రోజులకోసారి కారణాలతో సమీక్షించాలనీ, లేకపోతే దానంతటదే రద్దవుతుందనీ పార్లమెంటు నిబంధన తేవాలి.

అంతదాకా భూమి జప్తయినవారు తహసీల్దారు కార్యాలయం చుట్టూ వాయిదాలకు తిరుగుతూ కూర్చోవద్దు. ఉత్తర్వులో కారణాలు లేకపోతే పై కోర్టులో సవాలు చేయాలి. హక్కు కోసం వెంటనే సివిల్ దావా వేయాలి. బలవంతంగా వెళ్లగొట్టిన ప్రైవేటు వ్యక్తిపై నిర్దిష్ట ఉపశమన చట్టం 6వ సెక్షన్ కింద, హక్కు పత్రాల జోలికి పోకుండానే స్వాధీనం తిరిగి కోరవచ్చు. దానికి గడువు 6 నెలలే.