అభికేంద్ర బలము: ఒక పరిభాషావిమర్శ

తిరుగుచున్న చక్రమున పూటీయందలి ప్రతి కణమును ఇరుసువైపునకు మరల్చు బలమును మన భౌతికశాస్త్ర గ్రంథములు అభికేంద్ర బలమనుచున్నవి. దానికి జోడుగా అపకేంద్ర బలమను మాటయు స్థిరపడినది. ఈ జంట విద్యార్థికి మేలుకంటె కీడే యెక్కువ చేయుచున్నదని నా యభిప్రాయము.

రాయపూరు దిక్కునుండి కట్నీకి పోవు బండ్లు కొన్ని బిలాస్‌పూర్ స్టేషను చొరకయే ఉస్లాపూర్ మీదుగా మలుపు తిరిగి పోవును. మలుపున ప్రయాణికుడు వెలుపలికి ఒరుగును. ఎవరో త్రోసినట్లు అతనికి తోచును. నేలమీద నిలిచి చూచువానికి త్రోయువాడెవడును కానరాడు. దేహము తిన్నగా పోజూచుచుండగా పెట్టెయే లోపలికి మరలుచున్నది. ఒడిసెల విడిచిన రాయియు కేంద్రమునుండి సూటిగా వెలుపలికి పరుగెత్తదు, స్పర్శరేఖ వెంబడి పోవును. బండిచక్రము చిమ్ము బురదయు నంతే.

రైలును మరల్చునది పట్టాయే. మలుపున వెలుపలి పట్టాను ఎత్తుచేసి వేయుట యిందులకే. 875 మీటర్ల వ్యాసార్ధముగల మలుపును బ్రాడ్‌గేజి బండి గంటకు 80 కిలోమీటర్ల వేగమున దాటునపుడు ఆ యెత్తు సుమారు 101 మిల్లీమీటర్లున్న లెక్క సరిపోవును. 100 కిలోమీటర్లైనచో సుమారు 158 కావలయును. వేగము రెట్టింపైన నాలుగు రెట్లు. ఎత్తు చాలనిచోట వెలుపలి పట్టా చక్రపుటంచును నొక్కి ఆ కొరత తీర్చును.

కావున అభికేంద్రమనునది ఒక బలజాతి పేరు కాదు, ఒక యుద్యోగము పేరు. చంద్రునియెడ గురుత్వాకర్షణము, ఒడిసెలయందు త్రాటి బిగువు, రైలునకు పట్టా, పూటీకి ఆకులును ఇనుప పట్టాయు ఆ యుద్యోగమును నిర్వహించుచున్నవి. అపకేంద్రమో, చక్రముతోపాటు తిరుగుచు చూచువాని లెక్కలో మాత్రమే చేరు మిథ్యాబలము. రెండింటిని కవలలవలె పేర్కొనుటచే విద్యార్థి ఒకే వస్తువుపై రెండు నిజబలములు ఎదురెదురుగా పనిచేయుచున్నవని వ్రాయుచున్నాడు. అవి సమానములైనచో వస్తువు వంపు తిరుగుటెట్లు? తిన్నగానే పోవలయును గదా!

ఈ జోడింపు మన పండితుల సృష్టి కాదు. హైగెన్స్ 17వ శతాబ్దమున కేంద్రమునుండి పారిపోవునది యను అర్థమున లాటిను పేరొకటి పెట్టెను. న్యూటను దానికి ప్రతిగా కేంద్రమును కోరునది యని మరియొకటి కల్పించెను. లాటినున ఆ క్రియలు రెండును వేర్వేరు ధాతువులు, చెవికి కలియవు. మనము ఉపసర్గలను మాత్రము మార్చితిమి. మహాప్రాణములు సడలిన నేటి తెలుగు ఉచ్చారణలో అభి, అప అనువాని యెడము మిక్కిలి సన్నగిల్లినది. (కేంద్రశబ్దమే గ్రీకునుండి జ్యోతిషము ద్వారమున వచ్చినదన్న సంగతి ‘సంస్కృతమే శుద్ధము’ అను వారికి జ్ఞప్తి చేయదగినది.)

సోదరభాషలు కొన్ని మెలకువ చూపినవి. తమిళము మైయనోక్కు విసై యనును, కేంద్రమువైపు చూచునది యని. వంగభాష కేంద్రముఖీ యనును. హిందీలో మనవంటి ఉపసర్గలే చెల్లుచున్నవి. ఛత్తీస్‌గఢ్‌లో రైల్వే కొలువులనాశ్రయించి స్థిరపడిన తెలుగు కుటుంబముల పిల్లలు శాస్త్రమును హిందీలో చదివి, ఇంట తెలుగున దానిని వివరింపబోయినప్పుడు అదే తికమకను రెండు భాషలయందును మోయుచున్నారు. 1961లో నేర్పడిన కేంద్ర పరిభాషాసంఘమును, 1968లో స్థాపితమైన తెలుగు అకాడమియు గావించిన కృషి ఘనమైనదే. ఐనను స్థిరపడిన మాట యెల్ల కదల్పరానిది కాదు.

కేంద్రముఖబలము అని మార్చుకొనవచ్చును. రెండవదానికి బలశబ్దము తగిలింపక ‘వెలిత్రోపుభ్రమ’ యన్నను నాకు సమ్మతమే. గంభీరముగా లేదందురేని, మిథ్యాశబ్దము ముందు చేర్చి ‘మిథ్యాపకేంద్రబలము’ అని యెల్లచోట్లను వ్రాయవలయును. వెన్న తీయు యంత్రమునకు అపకేంద్రయంత్రమను పేరు మాత్రము ఉండనిండు. అది యంత్రమునకు గుర్తు, బలమునకు వివరణము కాదు.