కొండ ఖాళీగా లేదు

ఆదోనిలో రణమండల కొండ కింద పెరిగినదాన్ని. అందుకే కొండను ఖాళీ జాగాగా చూపించే సినిమా కనబడితే ఊరుకోబుద్ధి కాదు.

ఈ మధ్య ఒకచోట మా వైపు గుట్టల మీద తీసిన ప్రయోగాత్మక చిత్రం వేశారు. నలభై నిమిషాలు బండలు, ఎండ, గాలి చప్పుడు. మనిషి లేదు. ఎందుకు లేదని అడిగాను. "మనిషి వస్తే కథ వస్తుంది, కథ వస్తే ప్రకృతి పోతుంది" అన్నాడు తీసినాయన. చప్పట్లు కొట్టారు.

ఈ చూపుకి పెద్ద వంశమే ఉంది. కెనడా కళాకారుడు మైకేల్ స్నో 1971లో 'లా రీజియన్ సెంత్రాల్' తీశాడు. ఉత్తర క్యూబెక్‌లో మనిషి జాడ కనిపించని కొండను వెతికి, అన్ని వైపులకూ తిరిగే యంత్రానికి కెమెరా బిగించి, మూడు గంటలు చూపించాడు. గొప్ప సినిమానే, కాదనను. అయితే ఆయన ఖాళీ కొండను వెతుక్కున్నాడు. (అది ఎంత ఖాళీయో అక్కడి ఆదివాసులను అడగాలి.) మనవాళ్లు నిండుగా ఉన్న కొండనే ఖాళీ చేస్తున్నారు.

1999లో వచ్చిన 'సమరసింహారెడ్డి' తర్వాత ఫ్యాక్షన్ సినిమాలు మా నేలను సుమోలతో, వేటకొడవళ్లతో నింపాయి. ఇప్పుడు వీళ్లు మొత్తం తుడిచేస్తున్నారు. రెండు చోట్లా మా ఆడవాళ్ల బతుకు లేదు.

ఆ గుట్టల కింద పత్తి తీసేవాళ్లున్నారు. వానలు మొహం చాటేస్తే పిల్లల్ని చంకనేసుకుని గుంటూరు మిరప చేలకు సుగ్గికి పోయేవాళ్లున్నారు. ఎమ్మిగనూరు మగ్గాల చప్పుడు వెనక కండెలు చుట్టే చేతులున్నాయి. 1938లో చేనేత సహకార సంఘం పెట్టిన మాచాని సోమప్ప పేరు అందరికీ తెలుసు. కండె చుట్టినామె పేరు ఎవరికి తెలుసు? మా దగ్గర ఊరు బోసిగా కనిపిస్తే దాన్ని ప్రశాంతత అనం. సుగ్గికి పోయారంటాం.

ప్రయోగం వద్దనడం లేదు. జహీరాబాద్ దగ్గర పస్తాపూర్‌లో, డక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీ సంఘాల్లోని దళిత స్త్రీలు కెమెరా పట్టి, కంటికి కన్ను సమంగా పెట్టే షాట్‌కి 'సంఘం షాట్' అని పేరు పెట్టుకున్నారు. సంఘంలో అందరూ సమానం కాబట్టి. కెమెరా ఎత్తు కూడా రాజకీయమేనని ఒక్క మాటలో తేల్చేశారు. ఇంతకన్నా ప్రయోగం ఏముంది?

కొండను తీయండి. కథ లేకుండానే తీయండి. కానీ మా అమ్మలు లేని కొండను చూపించినప్పుడు, వాళ్లు ఎటు పోయారో మీ కెమెరాకు తెలిసి ఉండాలి. తెలియకపోతే అది ప్రకృతి కాదు, ఎవరినీ పట్టించుకోని పాత దొర చూపే.