పిట్లంలో ఇటలీ సూప్

లాప్‌టాప్ ముందే పొద్దుపోయి, రాత్రికి నూడుల్స్‌తో సరిపెట్టుకునే నాలాంటి వాళ్ల కోసమే ఈ మినెస్ట్రోన్. పాస్తా, ఆలివ్ నూనె కోసం హైదరాబాద్ పోనక్కర్లేదు. ఇటలీలోనూ ఇది ఇంట్లో ఉన్న కూరగాయలతో కాచుకునే సూపే. రాజ్మా ఎందుకు? ఆ గింజలు అమెరికా నుంచి యూరప్ చేరిందే 1492 తర్వాత. అంతకుముందు అక్కడ తిన్నవాటిలో మన బొబ్బర్లూ ఉన్నాయి!

నలుగురికి కప్పు బొబ్బర్లు నానబెట్టి, కుక్కర్‌లో మెత్తగా ఉడికించండి. ఉల్లిగడ్డ, ఎల్లిగడ్డ, క్యారెట్, కొత్తిమీర కాడలు సన్నమంట మీద నూనెలో మగ్గించండి. సొరకాయ, టమాట, పిడికెడు బియ్యం, సరిపడా నీళ్లు పోసి ఉడికించాక బొబ్బర్లు కలపండి. ముందే కలిపితే టమాట పులుపుకి గింజలు త్వరగా మెత్తబడవు. బియ్యమేంటి అనుకోకండి, మిలాన్‌లో వేసేది అదే. చివర్లో ఉప్పు, మిరియాల పొడి. మసాలా వద్దు. గిన్నెడు తాగితే అదే భోజనం, మిగిలితే తెల్లారి ఇంకా రుచి.