శాంతాల్ అంటే రాయి

మా అన్న కూతురు ఫ్రాన్సులో, తులూజ్‌లో ఉంటుంది. విమానాలు తయారయ్యే ఊరు అది. అల్లుడిదీ ఆ పనే. మొన్న ఎండాకాలంలో అక్కడే కాన్పయింది. ఆడపిల్ల. పుట్టిన మూడోనాటి రాత్రి మా ఊరు వర్నిలో నా ఫోను మోగింది.

"అత్తా, పేరు దొరికింది. శాంతాల్. పాట అని అర్థమంట. ఇక్కడోళ్ల పేరే, మన నోటికి గూడ వస్తది. ఎల్లుండి లోపల మునిసిపాలిటీల రాయియ్యాలె" అన్నది. గొంతులో నిద్రలేమి, సంతోషం రెండూ ఉన్నాయి.

ఆ దేశంలో బిడ్డ పుట్టిన అయిదు రోజుల్లోపు పేరుతో సహా నమోదు చేయించాలి. మన దగ్గరైతే ఇరవై ఒకటో రోజున తొట్టెలలో వేసి పేరు పెట్టేదాకా పిల్లను చిన్నవ్వా అనో బుజ్జీ అనో పిలుచుకుంటూ గడిపేస్తాం. అక్కడ ఆ తీరిక లేదు. పచ్చి బాలింత ఒక చేత్తో పిల్లను పట్టుకొని ఇంకో చేత్తో ఫోనులో పేర్ల పట్టీలు చూసింది. శాంతాల్ అన్న పేరు పక్కన పాట అని రాసి ఉంది. నచ్చింది.

నేను ముప్పై రెండేళ్లు బడిలో తెలుగు చెప్పినదాన్ని. మాట వినపడితే దాని పుట్టుక అడగకుండా ఉండలేను. ఆ రాత్రీ మరుసటి పొద్దునా కూర్చొని చూశాను. శాంతాల్‌కూ పాటకూ చుట్టరికం లేదు. శాంతాల్ అంటే రాయి.

ఫ్రెంచిలో పాటను 'శాఁ' అంటారు, పాడటాన్ని 'శాంతే' అంటారు. చెవికి అన్నీ ఒకే ఇంటివిలా వినిపిస్తాయి కాబట్టి జనం కలిపేసుకున్నారు. కానీ ఈ పేరు వచ్చింది దక్షిణ ఫ్రాన్సు పాత భాష ఆక్సితాన్‌లోని 'కంతాల్' అనే మాట నుంచి. రాయి, బండ అని దానర్థం. రాళ్లున్న చోటుకు ఆ పేరు పడింది. చోటు పేరు ఒక జమీందారీ వంశానికి ఇంటిపేరైంది. మన ఇంటిపేర్లలో మాత్రం ఊళ్ల పేర్లు ఎన్ని లేవు! ఇంకో సంగతి, తులూజ్ ఆ ఆక్సితాన్ భాష నడిచిన సీమలోనే ఉంది. ఇవాళ్టికీ అక్కడి వీధి పలకల మీద ఫ్రెంచి పక్కన ఆక్సితాన్ రాసి ఉంటుంది. మెట్రో రైల్లో స్టేషన్ల పేర్లు రెండు భాషల్లోనూ చెబుతారు. అంటే నా మేనకోడలు రోజూ పనికి పోతూ వస్తూ వినే భాషలోనే తన బిడ్డ పేరుకు అర్థం ఉంది. ఆమెకు ఆ సంగతి చెప్పినవాళ్లు లేరు.

ఆ వంశానికి కోడలై వచ్చిన ఒక మనిషి వల్ల ఇంటిపేరు కాస్తా ఆడపిల్లల పేరైంది. ఆమె జాన్ ఫ్రాంస్వాజ్. 1572లో దీజాఁ పట్టణంలో పుట్టింది. ఇరవయ్యో ఏట శాంతాల్ ప్రభువును పెళ్లాడింది. 1601లో భర్త వేటకు పోయినప్పుడు తోటివాడి తుపాకి గుండు పొరపాటున తగిలి చనిపోయాడు. చేతిలో నలుగురు పిల్లలు. ఆమె ఆ దుఃఖం నుంచి లేచి, పిల్లలను పెంచి, 1610లో ఆన్సీ పట్టణంలో ఫ్రాంస్వా ద సాల్ అనే బిషప్పుతో కలిసి విజిటేషన్ అనే సన్యాసినుల సభను స్థాపించింది. వయసు పైబడ్డవాళ్లకు, ఒంట్లో బాగాలేనివాళ్లకు, భర్త పోయినవాళ్లకు మఠాల తలుపులు అంత సులువుగా తెరుచుకోని కాలం అది. ఆమె వాళ్లను చేర్చుకుంది. 1641లో కన్నుమూసేనాటికి ఆ సభకు ఎనభైకి పైగా మఠాలున్నాయి. 1767లో రోము ఆమెను పునీతురాలిగా ప్రకటించింది. ఫ్రెంచి సాహిత్యంలో ఉత్తరాలకు పేరుపడ్డ మదామ్ ద సెవిన్యే ఈమె మనవరాలే.

ఇదంతా చదువుతుంటే నాకు మా వాడలో బీడీలు చుట్టి పిల్లలను పెంచిన ఆడవాళ్లు కళ్లముందు నిలిచారు. ఒళ్లో చేట, చేటలో తునికాకు, పక్కన బడికి పోవడానికి జడ కోసం కూర్చున్న బిడ్డ. ఆ చేట మీంచి చెయ్యి తీయకుండానే "సారమ్మా, మా పిల్ల ఎట్ల సదువుతుంది" అని నన్ను అడిగేవాళ్లు. శాంతాల్ అన్న పేరు వెనక ఉన్నది అలాంటి మనిషి. పాట అని తేల్చేసిన పట్టీలో ఆమె ఊసే లేదు.

సంగీతం అనగానే ఫ్రెంచి వాళ్లకు గుర్తొచ్చే ఇంకో ఆడపేరు సెసీల్. సంగీతకారులను కాపాడే తల్లిగా కొలిచే పునీత సెసీలియా పేరు. నవంబరు 22 ఆమె పండుగ. దాని లాటిన్ మూలం చూస్తే గుడ్డి అనే మాట తేలుతుంది. అయినా ఏ గాయకుడూ ఆ పేరును వద్దనుకోలేదు. పేరులోకి పాట ఆమెతోనే వచ్చింది.

రాయి అని తెలిశాక నా మేనకోడలికి ఎలా చెప్పాలా అని కాసేపు సందేహించాను. తరవాత నాకే కోపం వచ్చింది. రాయి అయితే ఏమి తక్కువ? వర్నిలో పుట్టిన ఎవరికైనా రాయి విలువ తెలియాలి. మా మండలంలోని బడాపహాడ్ పేరుకు అర్థం పెద్ద కొండ అనే. దర్గా దర్శనానికి హిందువులూ ముస్లిములూ కలిసి ఆ కొండెక్కుతారు. మంజీరను ఆపి మాకు నీళ్లిచ్చింది నిజాంసాగర్ రాతికట్ట. 1923లో మొదలుపెట్టి 1931లో పూర్తిచేశారు. ఆ కట్ట లేకుంటే కాలువ లేదు, కాలువ లేకుంటే చెరకు లేదు, చెరకు లేకుంటే 1937లో బోధన్ పక్కన నిజాం షుగర్ ఫ్యాక్టరీ లేదు, శక్కర్‌నగర్ అన్న తియ్యటి పేరూ లేదు. 2015లో ఆ ఫ్యాక్టరీ మూతపడింది. పేరు మాత్రం అందరి నోళ్లలో అలాగే ఉంది.

పాట పేరే కావాలనుకునే తల్లిదండ్రులకు మా కాలువ నీళ్లలోనే ఒకటుంది. మంజీరం అంటే సంస్కృతంలో కాలి అందె. ఇంతకన్నా సంగీతమున్న పేరు ఏ పట్టీలో దొరుకుతుంది? నా హాజరు పట్టీలో కల్యాణిలు, భైరవిలు, శ్రుతులు ఎందరో వచ్చారు. మంజీర అన్న పేరు రాసే భాగ్యం నాకు కలగలేదు.

ఫ్రాన్సు పేర్లు మనకు కొత్తవి కావు. నిజాం కొలువులో సేనాని అయిన రేమాఁ అనే ఫ్రెంచివాడు మన జనం నోట మూసారామ్ అయ్యాడు. 1798లో చనిపోయాడు. హైదరాబాదులో మూసారాంబాగ్ అంటే ఆయన పేరే. నిజాంసాగర్ కాలువ వచ్చాక గుంటూరు, కృష్ణా జిల్లాల నుంచి మా వైపు వచ్చి క్యాంపులు కట్టుకున్నవాళ్లలో కతోలిక కుటుంబాలూ ఉన్నాయి. లూర్దమ్మ, లూర్దు మేరి అని నేను రిజిస్టరులో రాసినప్పుడల్లా అది 1858లో బెర్నదెత్ అనే పేద పిల్లకు మరియతల్లి కనిపించిందని నమ్మే ఫ్రెంచి ఊరి పేరని గుర్తుచేసుకునేదాన్ని. ఆ పిల్లలెవరూ లూర్దు అంటే అర్థమేమిటని అడగలేదు. అమ్మమ్మ పేరు అది. వాళ్లకు అంతే కావాలి.

ఇక శాంతాల్ అని ఫోనులో వినగానే నా చెవికి తగిలిన పేరు శాంతల. పన్నెండో శతాబ్దంలో హొయసల రాజు విష్ణువర్ధనుడి రాణి. ఆటపాటల్లో ఆమె నేర్పును శాసనాలు పొగిడాయి. మన దగ్గర శాంతల అని పెట్టుకునేవాళ్లు ఉన్నారు. అదే పేరు ఫ్రాన్సుకు వేరే తోవలో చేరింది. ఫ్రెడెరిక్ లెబోయే అనే ఫ్రెంచి కాన్పుల డాక్టరు కలకత్తాలో ఒక పేద తల్లి కాళ్లు చాపుకొని, బిడ్డను కాళ్ల మీద పడుకోబెట్టుకొని నూనె రుద్దుతుంటే చూసి నిలబడిపోయాడు. ఆమె పేరు శాంతల. 1976లో ఆమె పేరునే పుస్తకానికి పెట్టి, పసిపిల్లలకు నూనె రుద్దే విద్యను తన దేశానికి చెప్పాడు. మా ఇళ్లలో మంత్రసాని, అమ్మమ్మ రోజూ చేసే పనే అది. ఆ పనినే ఫ్రాన్సులో ఇవాళ ఒక భారతీయ స్త్రీ పేరుతో పిలుస్తున్నారు. ఈ సంగతి చెప్పినప్పుడు నా మేనకోడలు ఫోనులో చాలాసేపు మాట్లాడలేదు.

ఆమెకు చెప్పినవాటిలో నేను గట్టిగా చెప్పింది ఒకటుంది. శాంతాల్ అక్కడ కొత్త పేరు కాదు. రెండో ప్రపంచయుద్ధం అయిపోయిన కాలంలో ఆ దేశంలో ఎక్కువగా పెట్టారు. ఇప్పుడు ఆ పేరున్నవాళ్లలో చాలామంది డెబ్బై దాటిన ముసలమ్మలు. "బిడ్డా, నువ్వు ఏరుకున్నది వాళ్ల నాయనమ్మల పేరు. మన నాయనమ్మ పేరు ఏం పాపం చేసింది?" అన్నాను. మా అమ్మది గంగ పేరు. మా దిక్కున గోదావరిని గంగ అంటారు. కందకుర్తిలో మంజీర, హరిద్ర ఆ గోదావరిలో కలిసే చోట మునిగి వచ్చినవాళ్లు గంగకు పోయొచ్చినం అంటారు. అందుకే గంగవ్వలు, గంగామణులు, గంగారాములు, గంగాధర్లు ఇంటింటా ఉన్నారు. ఆ పేర్లు విని మనం ఎక్కడివాళ్లమో చెప్పేయవచ్చు. ఇప్పుడు బడికి వచ్చే పిల్లల్లో అవి వెతికినా దొరకడం లేదు. ఆ స్థానంలో వచ్చిన పేర్లకు సూర్యకాంతి, దేవుడి కానుక, పూలవాన అని అర్థాలు చెబుతున్నారు. ఏ భాషలో అని అడిగితే జవాబు లేదు. ఫోనులో ఉంది అంటారు.

ఇది ఇతరుల మీద మోపే తప్పు కాదు. నాదీ ఉంది. ఉద్యోగంలో చేరిన తొలి ఏళ్లలో ఒక తండ్రి కూతుర్ని ఒకటో తరగతిలో చేర్చడానికి తెచ్చాడు. ఆ పిల్లది ఊరి అమ్మవారి పేరు, చివర అవ్వ. నాకు మోటుగా అనిపించింది. "పెద్దయినంక పిల్ల సిగ్గుపడతది" అని చెప్పి ఒక పూవు పేరు రాశాను. తండ్రి తలూపాడు. సారమ్మ మాటకు ఎదురు చెప్పే కాలం కాదు అది. ఇరవై అయిదేళ్ల తరవాత ఆమె నా ఇంటికి వచ్చింది. చదువు కాగితంలో పూవు పేరు, ఆధార్ కార్డులో అమ్మవారి పేరు. రెండూ ఒక్కరివే అని ఏ కిటికీ దగ్గరా ఒప్పుకోవడం లేదట. నన్ను ఒక్కమాటా అనలేదు. "సంతకం చెయ్యున్రి సారమ్మా, ఇద్దరం ఒక్కల్లమే అని" అన్నది. చేశాను. ఆమెను అడగలేదు కాబట్టి ఇక్కడ ఆ రెండు పేర్లలో ఏదీ రాయడం లేదు. ఊళ్లో మాత్రం అందరూ ఆమెను అమ్మవారి పేరుతోనే పిలుస్తారు. నేను రాసిన పేరుతో ఎవరూ ఎన్నడూ పిలవలేదు.

అందుకే తల్లిదండ్రులను ఒకటి అడుగుతున్నాను. మన చట్టం ఫ్రాన్సు చట్టంలా తొందరపెట్టదు. పుట్టుకను ఇరవై ఒక్క రోజుల్లో నమోదు చేయించాలి, అంతే. పేరు లేకుండానే నమోదు చేయించి, ఏడాది లోపల రుసుము లేకుండా పేరు చేర్పించుకోవచ్చు. పదిహేనేళ్ల వరకు కొద్దిపాటి రుసుముతో చేర్పించుకోవచ్చు. 2023 అక్టోబరు 1 నుంచి పుట్టిన పిల్లలకు బడిలో చేరడానికి జనన ధ్రువపత్రమే ఆధారం. నాలాంటి టీచరు కలం పోటుతో పేరు మార్చే రోజులు పోయాయి, మంచిదే. కానీ అదే కారణంగా తొలి కాగితంలో పడే పేరు జీవితాంతం వెంట వస్తుంది. చట్టం ఇచ్చిన ఆ ఏడాదిలో ఒక సాయంత్రం ఇంట్లో పెద్దామె పక్కన కూర్చోండి. మీ అమ్మ పేరేమిటి, ఆమెకు ఆ పేరు ఎవరు పెట్టారు, ఏ మొక్కు మీద పెట్టారు అని అడగండి. ఫ్రెంచి పేరు పెడతారా, పెట్టండి. నాకు అభ్యంతరం లేదు. ఆ పేరు మోసిన మనిషి ఎవరో తెలుసుకొని పెట్టండి.

అయిదో రోజు పొద్దున మేనకోడలు మళ్లీ ఫోను చేసింది. "రాయైతే రాయే అత్తా. ఆమె కథ నాకు నచ్చింది" అన్నది. అక్కడ ఒక బిడ్డకు రెండు మూడు పేర్లు రాయించుకోవచ్చు. కాగితంలో శాంతాల్ పక్కన గంగ అని రాయించింది.

ఇరవై ఒకటో రోజున అక్కడ గదిలో తొట్టెల కట్టారు, ఇక్కడ మా అన్న ఇంట్లో అందరం ఫోను చుట్టూ చేరాం. అక్కడ అల్లుడు పళ్లెంలో బియ్యం పరిచి వేలితో పేరు రాశాడు. మా వదినకు చెవి కాస్త మందం. పేరు రెండుసార్లు చెప్పించుకుంది. మూడోసారి ఫోను తన చేతిలోకి తీసుకొని, తొట్టెలలో నిద్రపోతున్న మనవరాలిని చూస్తూ పిలిచింది.

"శాంతవ్వా... ఓ శాంతవ్వా."